ఏటవతలి ముద్ద

ఏటికవతల నీలగొంది కోట పెద్దవాకిలి గవని దగ్గర నిలబెట్టిన రాతిబొమ్మలు పొద్దువాలే వేళకి కన్నీళ్ళు కారుస్తాయన్న మాట సువర్ణకోనలో మొదట పుట్టింది పొరుగింటి చుక్కమ్మ నోట. చుక్కమ్మ తన కళ్ళతో చూసిందా అంటే లేదు. ఆమె పిన్నత్త తోడికోడలి మేనమామ ఒకడు దొంగరేవు దాటి ఉప్పు అమ్ముకొస్తాడట. అతను చూశాడట, వాళ్ళావిడకి చెప్పాడట, వాళ్ళావిడ ఈవిడకి చెప్పిందట.

"నేనన్నానని ఎక్కడా అనకు గానీ కొమ్మన్నా," అంది చుక్కమ్మ దడి మీదుగా మెడ సాచి, "అందులో ఒక బొమ్మకి చేతుల నిండా గాజులున్నాయంట. మనిషంతా రాయేనంట, గాజులు మాత్రం గాజులేనంట! కుడిచేతికి పసుపువి, ఎడం చేతికి ఆకుపచ్చవి. రెండొడ్ల గాజులూ కలిపి తొడుక్కునే తిక్కమనిషి మీ అక్క మల్లమ్మ కాక ఇంకెవరుంటారు? రేపు పొద్దుగూకేసరికి ఆ బొమ్మల్ని కొత్త గోడ పునాదిలో పడేసి సున్నం పోస్తారంట. నాకెందుకులే. నేను చెప్పలేదనుకో."

నేను చెప్పలేదనుకో అంటూ చుక్కమ్మ చెప్పిన మాటల్లో అంతవరకూ అబద్ధమైంది ఒక్కటీ లేదు. కొమ్మన చేతిలో పాలముంత అక్కడే జారింది. దూడ వచ్చి ఆ పాలు నాకేలోగా అతను పొన్నేటి గట్టు మీద ఉన్నాడు.

కొమ్మన రాజకుమారుడు కాడు, పశువుల కాపరి. అయినా పొన్నేటి మడుగులో ఉండే జలకన్యను ఒకనాడు వలలోంచి విడిపించినవాడు గనుక, అతను పిలిస్తే ఆమె పలుకుతుంది. మూడు దోసిళ్ళ నీళ్ళు ఎగజల్లి పేరు పెట్టి పిలిచాడు. మడుగు మధ్య నీళ్ళు పద్మంలా విచ్చుకున్నాయి. నాచు చీర, గుల్లల వడ్డాణం, ముత్యపు చిప్పల పాపిడిచేరు, తడి జుట్టులో ఇంకా ఈదుతున్న చిన్న చిన్న చేపపిల్లలతో ఆమె నడుము దాకా పైకి లేచింది.

"తెలుసు కొమ్మనా! అది మాంత్రికుడు ఘూకాక్షుడి శిలామంత్రం. దానికి విరుగుడు ఒక్కటే. రాయైన మనిషి పెదవులకు ఏటవతలి ముద్ద తగలాలి. అయితే నువ్వు తీసిన ముద్ద పనికిరాదు. నీలగొంది మనిషి మీ ఒడ్డువాళ్ళను తలుచుకుని మనసారా తీసిన ముద్ద కావాలి."

"ఆ దేశంలో ఇంకా ఆ ముద్ద తీసేవాళ్ళున్నారా తల్లీ?"

"నీళ్ళలో ఉండేదాన్ని నాయనా, పొయ్యిల సంగతి నాకేం తెలుసు?" అని ఆమె మునిగిపోయింది.

ఏటవతలి ముద్ద అంటే ఏమిటో ఆ రెండొడ్ల వాళ్ళలో తెలియనివాళ్ళు లేరు. కొమ్మన చిన్నతనంలో రెండొడ్లూ ఒకటే రాజ్యం. పొన్నేరు ఉన్నట్టుండి పొంగే ఏరు. సంతకి వచ్చిన అవతలి ఒడ్డువాళ్ళు వరదకి ఇవతలే చిక్కుబడిపోయేవాళ్ళు. వాళ్ళు ఏ గడప తొక్కినా లేదనకుండా ఉండాలని, ప్రతి మనిషీ అన్నంలో చెయ్యి పెట్టగానే తొలిముద్ద ఆకు అంచున తీసిపెట్టేవాడు. అది అవతలివాళ్ళది. ఎవరూ రాకపోతే కాకులకు. రెండొడ్లా అదే వాడుక.

తక్కినవేవీ కలిసేవి కావు. ఈ ఒడ్డున తలపాగా ముడి కుడివైపు, ఆ ఒడ్డున ఎడమవైపు. వీళ్ళు పులుసులో బెల్లం వేస్తారని వాళ్ళు నవ్వేవాళ్ళు. వాళ్ళు మజ్జిగలో మిరియాలు దంచిపోస్తారని వీళ్ళు నవ్వేవాళ్ళు. నవ్వుకుంటూనే పిల్లనిచ్చి పుచ్చుకునేవాళ్ళు. ఎండాకాలం ఏరు సన్నబడితే ఇసకలో తిరనాళ్ళు. మల్లమ్మ పెళ్ళప్పుడు పడవలన్నీ గొలుసుకట్టి, వాటి మీద పందిరి వేసి, పందిట్లోనే ఏరు దాటారు. దారిపొడుగునా అవ్వ ఒకటే చెప్పడం: "అదుగో ఆ కనపడే కోట గవని ఎర్రజీరల రాయంతా మన ఎర్రబోడు గుట్టదేనే మల్లీ. తెప్పలమీద పోయింది. మీ తాత కూడా గడ వేశాడు. అత్తారింటి గడప రాయి మనదే, బెంగెందుకు?" ఆ తిరనాళ్ళ ఇసకలోనే బావ కాచన కొమ్మనకి కర్రసాము నేర్పాడు, భుజాలెక్కించుకుని రంగులరాట్నం చూపించాడు.

తరవాత ఇద్దరన్నదమ్ములు ఒక సింహాసనం కోసం తగవులాడి ఏటిని పంచుకున్నారు. ఏటిని ఎట్లా పంచుకుంటారో కొమ్మనకి ఇప్పటికీ అర్థం కాలేదు. నీలగొంది రాజు పక్కన చేరిన మాంత్రికుడు ఘూకాక్షుడు మాత్రం చాలా సులువుగా అర్థం చేయించాడు. ఏట్లో మంత్రపు మొసళ్ళను వదిలాడు, గవని ముందు మాట్లాడే రాతిభటుణ్ణి నిలిపాడు, ఏటవతలి ముద్ద తీసినవాడు శత్రువని చాటింపు వేయించాడు.

మర్నాడు కొమ్మన గాజుల సెట్టి వేషం వేశాడు. మీసం కొనలు కిందికి దువ్వాడు, తలపాగా ముడి ఎడమకి తిప్పాడు, గాజుల మలారం వీపుకి కట్టుకున్నాడు. తన గేదెల్లో గడుసుదాన్ని ఏట్లోకి తోలి దాని తోక పట్టుకున్నాడు. నడి ఏట్లో నీళ్ళు సలసల కాగినట్టు పొంగి, చెట్టు మొద్దంత మొసలి ఇంత నోరు తెరుచుకు వచ్చింది. దాని పళ్ళు ఒక్కొక్కటీ పలుగు మొనంత ఉన్నాయి. కొమ్మన చేతికర్ర నిలువుగా దాని నోట్లో పోటు పెట్టాడు. మొసలి నోరు మూయలేక గిలగిల్లాడుతుంటే గేదె వెనక్కి ఒక్క తాపు తన్నింది. ఆ మొసలి మళ్ళీ తేలిందో లేదో ఎవరికీ తెలియదు. గేదె మాత్రం ఏమీ జరగనట్టు అవతలి గట్టెక్కి అవతలి దేశపు గడ్డి మేయడం మొదలుపెట్టింది.

నీలగొంది కోట చూడాలంటే మెడ వెనక్కి వంచాల్సిందే. నెమలికంఠం రంగు గోపురాలు, ప్రతి బురుజు మీదా నోరు తెరిచిన రాతి సింహాలు, వాటి నోళ్ళలోంచి రేయింబవళ్ళు లేచే సాంబ్రాణి పొగ. ఏనుగు దంతాలు దూసిపెట్టినట్టున్న తలుపులు, వాటికి ఇత్తడి బొడిపెలు. ఆ తలుపుల ముందు తాటిచెట్టంత ఎత్తున రాతిభటుడు. దగ్గరికి పోయేసరికి వాడి రొమ్ము మీద ఎర్రటి జీరలు కనిపించాయి. ఎక్కడో చూసిన జీరలే అనిపించింది గాని, ఆలోచించే వ్యవధి లేదు.

"ఏ దేశపు మనిషివి?" అని రాతిభటుడు ఉరిమాడు.

"నీలగొంది" అన్నాడు కొమ్మన నదురూ బెదురూ లేకుండా.

రాతిభటుడు చెయ్యి పక్కకి తీశాడు. రాతికి నిజం అబద్ధం పట్టవు. జవాబు ఒక్కటుందా, రెండున్నాయా, అంతే చూస్తుంది. ఒక్కటే అయి అది నీలగొందైతే పోనిస్తుంది, వేరేదైతే వెనక్కి తోస్తుంది. రెండైతే రాయి చేస్తుంది.

గవని లోపల కుడిపక్కన రాతిబొమ్మల వరస. చంకలో చేట పట్టుకున్న ముసలమ్మ, వేలు చూపిస్తూ ఆగిపోయిన వ్యాపారి, చివర్న మల్లమ్మ. కుడిచేతికి పసుపు గాజులు, ఎడం చేతికి ఆకుపచ్చ గాజులు. ఒళ్ళంతా దుమ్ము పట్టి ఉన్నా, ఆ గాజులు మాత్రం అప్పుడే కడిగినట్టు తళతళలాడుతున్నాయి. పక్కనే ముఖానికి ఉక్కుతొడుగు వేసుకున్న గవని నాయకుడు కత్తి దూసి నిలబడ్డాడు. ఏనుగులు ఒక్కొక్క బొమ్మనే పునాది గుంట వైపు ఈడ్చుకుపోతున్నాయి. ముద్ద లేకుండా ఇక్కడ చేసేదేమీ లేదని కొమ్మన పళ్ళు బిగించి ముందుకి నడిచాడు.

అన్నం దొరికే చోటు పూటకూటిల్లు. తిప్పమ్మ పూటకూటింట్లో బంతి సాగుతోంది. పైన దూలం మీద ఘూకాక్షుడి ఇనపకాకి కూర్చుని గుడ్లు తిప్పుతూ ఆకుల్నే చూస్తోంది. ఒక్క విస్తరి అంచునా ముద్ద లేదు. తింటున్నవాళ్ళ ముఖాలన్నీ చూశాడు. ఎవణ్ణి అడుగుతాడు, ఏమని అడుగుతాడు?

"ఏమయ్యా గాజులోడా, తింటావా, జనాన్ని లెక్కపెట్టుకుంటావా?" అంటూ తిప్పమ్మ ఆకు పరిచింది. లావుపాటి ముసలిది, చెవుల్లో గంటీలు, నోట్లో వక్క. వేడి అన్నం, ముద్దపప్పు, పైన నెయ్యి. పొద్దుటినుంచి కడుపులో నీళ్ళు తప్ప మరేం లేవు. మీసం మార్చుకున్నాడు, ముడి మార్చుకున్నాడు, నడక మార్చుకున్నాడు. చేతికి మాత్రం ఎవరూ చెప్పలేదు. అది తనంతట తనే అన్నం కలిపి, తొలిముద్ద చేసి, ఆకు అంచున పెట్టేసింది.

బంతిలో నమిలే చప్పుడు ఆగిపోయింది.

"ముద్ద! ముద్ద! ఏటవతలోడు!" అని ఇనపకాకి రేకు చింపినట్టు అరిచింది. వాకిట్లో భటులు బరిసెలతో లోపలికి దూకారు.

తిప్పమ్మ ఒక్క క్షణం ఆ ముద్ద వంక చూసింది. తరవాత పప్పుగరిటె తిప్పి కాకి నెత్తిన ఒక్కటి వేసింది. కాకి వెళ్ళి సాంబారు గుండిగలో పడింది.

"అన్నం తినేవాణ్ణి ఆకు ముందునుంచి లేపుతార్రా? మీ అమ్మలు ఇదేనా నేర్పింది?" అంటూ గుండిగను భటుల కాళ్ళమీదికి ఒంచేసింది. వాళ్ళు గంతులేస్తుంటే కొమ్మన జబ్బ పట్టుకుని వంటింట్లోకి లాగి గడియ వేసింది.

"ఎవరి కోసం వచ్చావ్?"

"మా అక్క. గవని దగ్గర రాయై ఉంది."

"రెండు రంగుల గాజులదా? మా ఊరి కోడలే." తిప్పమ్మ పొయ్యి వెనక గూట్లో చెయ్యి పెట్టి ఒక దొన్నె తీసింది. అందులో అన్నం ముద్ద. ఇంకా వెచ్చగానే ఉంది. "రోజూ తీస్తూనే ఉన్నా. పొద్దుగూకేదాకా చూసి, ఎవరూ రాకపోతే నేనే తింటున్నా. కాకులకేద్దామంటే కాకులు కూడా ఇనపవైపోయె."

కొమ్మన దొన్నె రెండు చేతులా అందుకుని ఆమె వంకే చూశాడు.

"అట్లా చూడకు. పిల్లదాన్నప్పుడు వరదకి మీ ఒడ్డున చిక్కుబడిపోయా. ఒకావిడ తన ఆకు అంచునుంచి ముద్ద తీసి నా నోట్లో పెట్టింది. బెల్లమేసిన పులుసు. థూ, అదేం రుచో!" అని కళ్ళు తుడుచుకుంది. "ఇప్పటిదాకా నోట్లోంచి పోలేదు. వెళ్ళు నాయనా, తలుపు విరుగుతోంది. ఆ అటక ఎక్కు."

కొమ్మన అటకెక్కి, పెంకులు తోసి, కప్పు మీదికి చేరాడు. తలపాగా విప్పి ముద్దను అందులో మూటగట్టి మెడకి వేసుకున్నాడు. ఇంటి కప్పు నుంచి ఇంటి కప్పుకి దూకుతుంటే వెనక బాణాలు పెంకులు పగలగొడుతున్నాయి. సాంబారు ఓడుతూ ఇనపకాకి మళ్ళీ లేచి అతని నెత్తిన పొడవడానికి వచ్చింది. బజారు చివర కప్పులు అయిపోయాయి. కింద భటుల గుంపు. కొమ్మన మలారం విప్పి గాజులన్నీ బజార్లోకి విసిరాడు. రంగురంగుల గాజులు గలగలమంటూ దొర్లేసరికి నీలగొంది ఆడవాళ్ళు వాకిళ్ళలోంచి పరుగెత్తుకొచ్చి ఏరుకోవడం మొదలెట్టారు. భటుల్లో సగం మంది పెళ్ళాలు ఆ గుంపులోనే ఉన్నారు. వాళ్ళను తోసుకుపోయే ధైర్యం ఎవడికుంది?

అంతలో ఖాళీ గొలుసులు ఈడ్చుకుంటూ బొమ్మల కోసం గవనికి తిరిగి పోతున్న ఏనుగు ఆ సందులోకి వచ్చింది. కొమ్మన దాని మీదికి దూకాడు. దూకిన అదురుకి, కాకి పొడిచిన పోటుకి ఏనుగుకి ఒళ్ళు మండింది. మావటివాడు ఎటు పోయాడో! కూరగాయల అంగళ్ళు, కుండల బళ్ళు, పల్లకీలు, అన్నీ దాని ముందు పిండి అయిపోతుంటే, అది ఘీంకరిస్తూ గవని దాకా వచ్చి, తొండంతో ఇనపకాకిని పట్టి కోట గోడకి విసిరికొట్టి, అప్పుడు శాంతించింది.

గవని దగ్గర ఇంక ఒక్క బొమ్మే మిగిలి ఉంది. కొమ్మన నేలకి దూకేసరికి ఉక్కుతొడుగు నాయకుడు అడ్డం వచ్చాడు. కొమ్మన కింద పడున్న దుడ్డుకర్ర అందుకున్నాడు. కత్తికీ కర్రకీ నిప్పులు రాలాయి. నాయకుడు మెడ మీదికి కత్తి దింపబోతే కొమ్మన మోకాలి మీద వాలి, కర్రను నేలబారున తిప్పి, అతని మడమ లాగేశాడు. నాయకుడు వెల్లకిలా పడ్డాడు. పడి, లేవకుండా అట్లాగే చూశాడు.

"ఆ దెబ్బ నీకెవడు నేర్పాడ్రా?"

కొమ్మన ఆ గొంతు గుర్తుపట్టాడు. "మా బావ. మంచోడేలే. పెళ్ళాన్ని రాయి చేసుకుని కాపలా కాస్తున్నాడంట."

నాయకుడు ముఖం మీది తొడుగు తీసేశాడు. గడ్డం నెరిసిపోయింది గాని కాచన కాచనే. "కాపలా కాక ఏం చెయ్యమంటావురా బామ్మర్దీ? మీ అమ్మకి బాగోలేదని కబురొస్తే బయల్దేరింది. ఈ రాతిగాడు ఏ దేశమని అడిగాడు. పుట్టింటికి పోయేప్పుడు ఆ దేశం, అత్తింటికి వచ్చేప్పుడు ఈ దేశం అంది. అంతే. నా చేతిలో చెయ్యి చల్లబడిపోయింది. ఈ కొలువు అడిగి పుచ్చుకున్నా, దాని దగ్గరుండొచ్చని. ఆ ఏనుగులొచ్చినప్పుడల్లా దాన్ని చివరికి జరుపుతూనే ఉన్నా."

"గాజులు?"

"రోజూ తుడుస్తా" అన్నాడు కాచన, తల తిప్పుకుని.

కొమ్మన మెడలో మూట విప్పాడు. పొద్దు కోట గోడ అంచు తాకింది. అదే క్షణాన గవని మీద పొగ సుడి తిరిగి, అందులోంచి గుడ్లగూబ కళ్ళ ఘూకాక్షుడు దిగాడు. మెడలో పుర్రెల పేరు, చేతిలో ఎముక దండం, అడుగుపెట్టిన చోటల్లా నేల బూడిద రంగుకి తిరుగుతోంది.

"పట్టండి ఆ పరదేశిని!"

భటులు కదిలారు. కాచన కత్తి అందుకుని వాళ్ళకి ఎదురు నిలిచాడు. "ముందు ముద్ద పెట్టరా!" అని కేక వేశాడు. కొమ్మన తిప్పమ్మ ముద్దను అక్క రాతి పెదవులకు ఆనించాడు.

మొదట గాజులు కదిలాయి. గలగల చప్పుడు మోచేతి దాకా పాకింది, మోచేతి నుంచి భుజానికి, భుజం నుంచి మెడకి. బూడిద రంగు విడిపోయి చామనచాయ వచ్చింది. మల్లమ్మ ముద్ద నమిలి మింగి, తమ్ముణ్ణీ మొగుణ్ణీ మార్చి మార్చి చూసింది.

"తిప్పమ్మత్త వంట. ఉప్పు తక్కువ" అంది.

భటులు కూడా ఆగి చూస్తుంటే ఇద్దరూ ఏడుపూ నవ్వూ కలిసి ఆమె చేతులు పట్టుకున్నారు. ఘూకాక్షుడు దండం ఊపాడు. బూడిద తాళ్ళు పాముల్లా లేచి ముగ్గురి కాళ్ళకీ చుట్టుకున్నాయి.

"మంత్రం విప్పినంత మాత్రాన గవని దాటినట్టు కాదు. రాతిభటా, మళ్ళీ అడుగు! ఈసారి ఊరందరి ముందూ చెప్పనీ!"

ఊరంతా అక్కడే ఉంది. గాజులు ఏరుకున్న ఆడవాళ్ళు, కాళ్ళు కాలిన భటులు, చేతిలో గరిటెతో రొప్పుతూ వచ్చిన తిప్పమ్మ. గవని మెట్లు కదిలేటట్టు రాతిభటుడు లోపలికి తిరిగి వంగాడు. ఎర్ర జీరల రొమ్ము ఆమె ముఖానికి ఎదురుగా వచ్చి ఆగింది. రాయి చేసే చెయ్యి ఆమె నెత్తి మీదికి లేచింది.

"ఏ దేశపు మనిషివి?"

"నీలగొంది అను మల్లీ, బతికుంటావు. ఇక్కడే ఉందువుగాని" అన్నాడు కాచన ఒక చెయ్యి లాగుతూ.

"సువర్ణకోన అనక్కా. వెనక్కి తోస్తాడు, అంతే. అమ్మ ఎదురుచూస్తోంది" అన్నాడు కొమ్మన రెండో చెయ్యి లాగుతూ.

పసుపు గాజులు ఒక పక్కకి, ఆకుపచ్చ గాజులు ఒక పక్కకి. మల్లమ్మ రెండు చేతులూ విదిలించి విడిపించుకుంది. తన ముఖం ముందున్న ఆ రాతి రొమ్ము మీది ఎర్ర జీరలను వేలితో రాసి చూసింది. పెళ్ళి పడవలో అవ్వ చూపించిన గవని వైపు ఒకసారి చూసింది.

"నా సంగతి సరే. మా ఎర్రబోడు గుట్టనుంచి మా తాత తెప్పేసుకుని తెస్తే వచ్చిన బండవి, ముందు నువ్వే దేశమో చెప్పి చావు!"

ఎత్తిన రాతి చెయ్యి ఎత్తినట్టే ఉండిపోయింది.